ఊదా సిరా గుర్తులు

అన్నా,

ఈ ఉదయం పదకొండింటికి బాపు సముద్ర పటానికి ఫ్రేము కట్టించాను. నువ్వు చెరిపించమన్న గుర్తులు చెరిపించలేదు.

శాలిబండలో ఫ్రేములు కట్టే ఖలీల్ భాయ్‌దీ నీ మాటే. "ఈ మరకలు తీసేస్తే మస్తు మెరుస్తదమ్మా," అన్నాడు.

"అవి మరకలు కాదు భాయ్, మునిగిన ఓడలు," అన్నాను.

ఎక్కడ ఓడ మునిగినా, కబురు అందగానే అచ్చు పటం మీద ఆ చోట ఊదా సిరాతో గుర్తు పెట్టడం ఓడలో బాపు పని. ఆయన ఎక్కిన ఓడ ఒక్కటీ ఆ మునిగిన ఓడలకు తగల్లేదు. ఇప్పటి పటాలను కంప్యూటర్లే దిద్దుతాయి. ఇది మాత్రం ఆయన చేత్తో దిద్దింది. నీ కొత్త హాలు అందం కోసం దాన్ని చెరపనివ్వను.

శుక్రవారం తొమ్మిదింటికి నీ గృహప్రవేశానికి పటం తెస్తున్నాను. గోడకు మేకు కొట్టించి ఉంచు. మేకు లేకపోతే పటం నాతోనే వెనక్కి వస్తుంది.

నీ చెల్లెలు