నాయిన అనని మాట

మార్చి 3, సోమవారం

మళ్లీ అదే పని. మా వార్తల సైట్ కోసం ఎవరో రాసిన సినిమా వార్త ముందు పెట్టుకోవడం, 'అందమైన'ను 'సుందరమైన' చేయడం, 'విడుదల'ను 'ప్రేక్షకుల ముందుకు' అనడం. అసలు వార్తలో ఉన్నట్టే ఉన్న వాక్యం కంప్యూటర్‌లో ఎర్రగా కనబడుతుంది. మాటలు మారిస్తే పచ్చగా. దీన్ని ఉద్యోగం అంటారా? మానేద్దామంటే... మా ఆయన రమేశ్‌ను సుల్తాన్‌పూర్ కంపెనీలో పనిలోంచి తీసేశారు. ఇస్నాపూర్‌లో ఈ రెండు గదుల కిరాయి కట్టేది నా జీతంతోనే.

మార్చి 5

ఈరోజు వచ్చిన వార్త మా ఊరిదే! గుమ్మడిదల పక్కన తీసిన చిన్న సినిమా. హోటల్ సీనులో హీరో వెనక చాయ్ తాగే ముసలాయన మా నాయిన. విలేకరి ఆయన పేరు, ఊరి పేరు వేసి, అన్న మాట కూడా రాశాడు.

"మా బోరు నీళ్లు జెర వాసనొస్తయ్. వానలు వడితే మంచిగైతయ్."

అచ్చం ఆయనే. చదువుతూ ఒక్కదాన్నే నవ్వుకున్నాను. వార్తంతా మార్చి ఆ మాట మాత్రం ముట్టుకోలేదు. అదొక్కటే ఎర్రగా మిగిలింది. మా ఎడిటర్ సార్ వచ్చి చూశారు. గొంతు పెంచరు, ఎప్పుడూ మెత్తగానే చెబుతారు.

"అది కూడా మార్చమ్మా. ఎర్రగా ఉంటే పేజీ ఎక్కదు."

మనిషి అన్న మాట ఎట్లా మారుస్తాం సార్ అన్నాను. మార్చేవాళ్లు బయట చాలామంది ఉన్నారని నవ్వారు.

మార్చాను. 'గ్రామంలో భూగర్భ జలాలు విషతుల్యమయ్యాయని ఆయన వాపోయారు.' 'జెర' అన్న ఆ 'కొంచెం'కు విషం పక్కన ఇమిడే మాట దొరకలేదు, తీసేశాను. వానల సంగతీ పోయింది. పచ్చగా అయింది. థూ, నా బతుకు.

మార్చి 6

హెడ్డింగ్ సార్ పెట్టారు. ఊరి పేరు, పక్కనే విషం.

మార్చి 9

నాయిన ఫోన్. వార్త అందరి ఫోన్లకూ చేరింది. పటాన్‌చెరు అపార్ట్‌మెంట్లవాళ్లు ఆ నీళ్లు తాగే బర్రెలవని మా ఊరి పాలే వద్దన్నారట. పొద్దున నాయిన పాల క్యాన్లతో పోతే గేటు దగ్గరే ఆపేశారు. మిగిలిన పాలు తోడు వేయడానికి ఇంట్లో గిన్నెలు చాలడం లేదట. ఊళ్లో పాలు పోసేవాళ్లంతా ఆయన మీదికే — సినిమాలో కనబడగానే నోటికొచ్చింది కూస్తావా అని.

"నువ్వు గా పనిలనే ఉన్నవ్ గద బిడ్డా. రాసినోడెవడో జెర కనుక్కో."

సరే అన్నాను. సరే అన్నాను!

మార్చి 11

ఆ వాక్యం తీసేయమని సార్‌ను బతిమాలాను. ఇప్పుడు తీసి ఏం లాభమమ్మా, అన్నారు. నిజమే. ఇంకో సైట్‌వాళ్లు మా వార్తను మాలాగే మాటలు మార్చి వేసుకున్నారు. అక్కడ మా ఊరి నీళ్లు 'ప్రాణాంతకం'.

రమేశ్‌కు చెప్పాను. నోరు మూసుకుని ఉండు, నీ పని కూడా పోతే ఏం తింటాం అన్నాడు. ఏడుపొచ్చింది.

మార్చి 12

నాయిన వచ్చాడు. మొదటి బస్సుకే. ఉతికిన చొక్కా. ఉప్మా పెడితే ముట్టలేదు. ఆఫీసుకు పోదాం పద అంటాడు. రాసినవాడిని ఒక్క మాట అడగాలట. ఈరోజు సెలవని అబద్ధం చెప్పాను. అయితే మీ సార్ ఇల్లు చూపెట్టమంటాడు. చీర మార్చుకుంటానని లోపలికొచ్చి ఇది రాస్తున్నాను...

ఇందాక చాయ్ చేతికిస్తుంటే అడిగాడు.

"ఊరోళ్లు నమ్ముత లేరు. నేను గట్ల అనలేదని నువ్వన్నా నమ్ముతవా బిడ్డా?"

నమ్ముతున్నా అన్నాను. మొహం చూడలేకపోయాను.

చెప్పులు వేసుకుని గుమ్మంలో నిలబడ్డాడు. ఏ పక్కకు పోవాలి అని పిలుస్తున్నాడు...