పంచనామాలో లేని చక్రాలు

ఇన్‌స్పెక్టర్ గారికి,

మా బావమరిది ఆషర్ నా స్కూటర్ మీద వెళ్తూ రెజిమెంటల్ బజార్లో ఒక పెద్దాయన్ని గుద్దాడు. మీరు కేసు పెట్టి బండి పట్టుకెళ్లారు. అది తప్పనను. కేసు తేలేదాకా బండి నా దగ్గరే ఉంచుకోమని కోర్టు ఆర్డరిచ్చింది. ఆ ఆర్డరు తీసుకుని నిన్న చంకకర్రలతో, ఆటోలో మీ స్టేషన్‌కు వచ్చాను.

నావి పోలియో కాళ్లు. అందుకే ఆ స్కూటర్‌కు వెనక రెండు పక్కలా అదనపు చక్రాలు బిగించి, ఆర్సీలో కూడా ఎక్కించుకున్నాను. నిన్న చూస్తే ఆ రెండూ లేవు!

అడిగితే మీ కానిస్టేబుల్ నవ్వాడు. "స్కూటర్‌కు రెండే చక్రాలుంటయి గద సార్. పంచనామాల సుత గట్లనే రాసుంది. జెర జల్దీ సంతకం పెట్టుండ్రి."

బండి ముట్టిందని ఎలా పెట్టమంటారు? ఫొటోలో ఎలా ఉందో బండిని అలాగే ఉంచాలని కోర్టు షరతు. మీరు ఫొటో తీసిందేమో చక్రాలు ఊడదీశాక. రేపు నేను వాటిని బిగించుకుంటే షరతు తప్పినవాణ్ణి నేనవుతాను. ఊడదీసినవాళ్లను మాత్రం అడిగే దిక్కులేదు.

సంతకం పెట్టలేదు, పెట్టను. ముందు నా చక్రాలు బిగించి, మళ్లీ ఫొటో తీయించండి.

ఇంకో షరతు కూడా ఉంది. కోర్టు పిలిచినప్పుడల్లా బండిని నేను తీసుకురావాలట. పదకొండేళ్లుగా నన్ను ఎక్కడికైనా తీసుకొచ్చేది ఆ బండే సార్.

ఇట్లు,
మీ ఆవరణలో ఉన్న స్కూటర్ యజమాని,
చిలకలగూడ