ఖాళీ గది చప్పుడు

చిట్టితల్లికి నాన్న దీవెనలు. ఇక్కడ నా ఒంట్లో బాగానే ఉంది. వీధిలో అందరూ క్షేమమే. నువ్వు వేళకు తింటున్నావని తలుస్తాను.

నీ ఉత్తరం అందింది. అడిగినవాటికి తోచినట్టు రాస్తాను. తప్పులుంటే దిద్దుకో.

మోకాలు నొప్పి తగ్గింది. మన వీధి మీద నువ్వు తీస్తున్న సినిమా తెర కట్టి చూపిస్తావా అని అందరూ అడుగుతున్నారు. మీ పెద్దమ్మయితే "నా మొహం అంత పెద్దగా కనిపిస్తే పిల్లలు జడుసుకుంటారే" అని ఒకటే నవ్వు.

ఐసు ఫ్యాక్టరీలో కోల్డ్ రూము తెరవడానికి మేస్త్రి ఒప్పుకున్నాడా అన్నావు. ఒప్పుకున్నాడు. ఫ్యాక్టరీ మూసినప్పుడే తాళంచెవి పోయిందన్నవాడు ఇప్పుడు దాన్ని చొక్కా జేబులో వేసుకుని తిరుగుతున్నాడు. తలుపు కీళ్లకు నూనె పోశాడు. గడియ కొత్తది వేయించాడు. ఆ తలుపుకు గడియ బయటే, లోపల ఉండదు. "అమ్మాయిని ఒక్కదాన్నే రమ్మనండి అల్లుడుగారూ, జనం ఉంటే బొమ్మ చెడుతుంది" అన్నాడు. తల నెరిసినా ఈ వీధికి నేను అల్లుడినే. ఇల్లరికం వచ్చినవాడికి వయసు రాదు కాబోలు.

అప్పట్లో ఫ్యాక్టరీలో మేస్త్రితో గొడవపడ్డ మెకానిక్ ఏమయ్యాడంటే, అందరూ "తెల్లారకముందే నల్ల గొడుగు వేసుకుని వెళ్లిపోయాడు" అనే అంటారెందుకు, అందరి జ్ఞాపకం ఒకేలా ఎలా ఉంటుంది నాన్నా అని రాశావు. నీ కెమెరా ముందు నేనూ అదే అన్నాను. నేను ఈ వీధికి వచ్చేసరికే అతను లేడు. మీ అమ్మ చెప్పింది, నేను నమ్మాను. చూడని గొడుగు నాకు కళ్లకు కట్టినట్టు ఉంటుంది.

ఇక అసలు మాట. రాయడానికి చెయ్యి రాక ఇన్నాళ్లూ తాత్సారం చేశాను.

మనుషులు మాట్లాడాక ఖాళీ గది చప్పుడు కూడా కాసేపు పట్టుకోవాలంటావు గదా. పెద్దమ్మ ముందు గదిలో అది పట్టడం మరిచానని టేపు రికార్డరు నా దగ్గర వదిలి వెళ్లావు. నీ పనుల్లో నాకు బాగా నచ్చింది అదే, ఎవరూ మాట్లాడనక్కర్లేదు. ఎర్ర మీట నొక్కి కిటికీలో పెట్టాను. గదిలో పెద్దమ్మ, మేస్త్రి, కుట్టుమిషను ఆవిడ ఉన్నారు. కాసేపు చప్పుడు చెయ్యకండి అని చెప్పి, మొహమాటమేసి వీధి చివరిదాకా వెళ్లాను. నువ్వెప్పుడూ మైకు మూతి దగ్గర పెట్టి అడిగేదానివి. ఈసారి విడిగా మైకు లేదు, డబ్బాలోనే ఉంటుందని వాళ్లకు తెలియదు. "చెవి లేని డబ్బా, ఇదేం వింటుంది?" అంది పెద్దమ్మ. ఇంటికొచ్చి తిప్పి వింటే ఆ మాటా టేపులో ఉంది.

తరువాత మేస్త్రి గొంతు. కుట్టుమిషను ఆవిడకు పాఠం చెబుతున్నాడు.

"గొడుగు ఏ రంగు?"

"నీలం... కాదు కాదు, నల్లది."

"తడబడకు. ఆ పిల్ల మళ్లీ అడుగుతుంది."

"అడిగితే?"

"కోల్డ్ రూము చూస్తానని తనే అంది. చూపిద్దాం. మెకానిక్‌కి చూపించినట్టే."

"మన పిల్లే గదా, మేస్త్రీ..."

నిన్ను ఎత్తుకుని పెంచిన పెద్దమ్మ అంది: "మన పిల్లయితే ఇన్ని అడుగుతుందా?"

ఆ తరువాత చాలాసేపు ఖాళీ గది చప్పుడే. నువ్వు కోరింది.

వీధిలో ఫోను మేస్త్రి ఇంట్లోనే ఉంది. అందుకే రాస్తున్నాను. కళ్లాసుపత్రికని చెప్పి రేపు పొరుగూరు వెళ్తాను. క్యాసెట్టు కూడా పెట్టి అక్కడే పోస్టు చేస్తాను. అది ఎవరికి వినిపించాలో నీకు తెలుసు.

ఒకటుంది తల్లీ. నిన్న మేస్త్రి వచ్చి నా మంచం మీద కూర్చున్నాడు. కాగితం, కలం తనే తెచ్చాడు. "ఒంట్లో బాగాలేదు, ఒక్కదానివే బయలుదేరు అని రాయండి. నేను డబ్బాలో వేస్తాను" అన్నాడు. రాశాను. దస్తూరి నాదే, మాట నాది కాదు. అది నిన్నటి టపా సంచిలో పోయింది. ఇది రేపటి సంచిలో వస్తుంది. పెట్టె సర్దుకుని ఉంటే విప్పెయ్.

ఇది ఆలస్యమైతే అని, ప్రతి బండికీ స్టేషనుకు వెళ్దామనుకున్నాను. నువ్వు దిగబోతే దిగనివ్వకూడదని. ఇవాళ సాయంత్రం బండికే వెళ్లాను. మేస్త్రి నాకన్నా ముందే వచ్చి నిలబడి ఉన్నాడు.

"మీరు ఇంటికెళ్లండి అల్లుడుగారూ," అన్నాడు. "ఎదురుచూడటానికి నేనున్నాగా."

ఇట్లు,
నిన్ను రావద్దంటున్న
నాన్న