రంగు పట్టని చోటు

లచ్చుమమ్మా,

నీ సంవత్సరీకం అయిన మరునాడు, నువ్వు ఉండగా చేసి, నువ్వు పోయినాక ముట్టకుండా వదిలేసిన ఆళ్లగడ్డ రెడ్డి గారి బీరువాకు రంగు పెట్టాను. రంగు పొడిని వేడినీళ్లలో కలిపి గుడ్డతో పూశాను. టేకు బాగానే తాగింది. ఎడమ తలుపు మీద మాత్రం అరచేయంత చోటు పాలిపోయి మిగిలింది.

సంగటి తెచ్చి, నేను తినేదాకా ఆ తలుపుకే ఆనుకొని కూర్చునేదానివి.

"మేయ్, నూనె తలకాయ ఆడ ఆనియ్యాకు, రంగు పట్టదు" అని అరిచేవాణ్ణి.

"పట్టకపోతే అప్పుడు తిడుదువులే" అనేదానివి.

నిన్న రెడ్డి గారు నంద్యాలలో మన కొట్టుకు వచ్చి చూశాడు. "ఏందప్పా ఇది? గీకి మళ్లా పుయ్యి" అన్నాడు.

గీకితే పోతుందని నాకూ తెలుసు. ఆ తలుపు ఊడదీసి ఇంట్లో పెట్టుకున్నాను. ఆయనకు కొత్తది చేస్తున్నాను.