రాలేదని రాసిన ప్లేగు

మార్చి 3
కార్పొరేషన్‌కి నూట యాభయ్యేళ్ళు నిండుతున్నాయట. లావుపాటి పుస్తకం వేస్తారట. రోగాల చాప్టర్ నా నెత్తిన పడింది. రికార్డు రూములో ఇరవై రెండేళ్ళుగా కూర్చుంటున్నాను కదా, దుమ్ము నాకు అలవాటేనని ఇచ్చారు. కమిటీ పెద్ద ఒక రిటైర్డ్ ప్రొఫెసర్. ఈ ఊళ్ళో ఏ పుస్తకం అచ్చయినా ముందుమాట ఆయనే రాస్తాడు. మా సెక్షన్‌లో ఆయన పేరే ముందుమాట. ప్లేగు మీద ఇరవై పేజీలు చాలన్నాడు. చివరికొచ్చేసరికి చదివేవాళ్ళకి హాయిగా అనిపించాలన్నాడు. ప్లేగులో హాయి ఎక్కణ్ణుంచి తేను?

ఇంటికొచ్చి నాన్నకి చెప్పాను. ఆయన ఇదే కార్పొరేషన్‌లో ముప్పై ఆరేళ్ళు శానిటరీ ఇన్‌స్పెక్టర్‌గా చేశాడు. ఎనభై నాలుగొచ్చాయి. పాత కబుర్లు మొదలుపెడతాడనుకున్నాను. టీవీ సౌండు పెంచాడు.

మార్చి 9
మొదటి ప్లేగు. నూట ముప్పై ఏళ్ళ కిందట, ధాన్యం ఓడల్లోని ఎలుకలతో రేవులో దిగింది. రేవు పక్కనే గోదాముల వీధి. ముందు ఎలుకలు చచ్చాయి. తర్వాత బస్తాలు మోసేవాళ్ళు. గజ్జల్లో గడ్డ, చంకలో గడ్డ, మూడు రోజుల్లో సరి. దొరలు చేసిన వైద్యం ఏమిటంటే ఇళ్ళ పైకప్పులు ఊడబీకి లోపలికి ఎండ పడేట్టు చెయ్యడం, మిగిలినవాళ్ళని ఊరి బయట క్యాంపులో పడెయ్యడం. జనం క్యాంపుకి భయపడి శవాలని అటకల మీద దాచారు. ఒక తల్లి చచ్చిన కూతురికి జడ వేస్తూ కూర్చుందట, సోదాకొచ్చినవాళ్ళు బతికుందనుకోవాలని. ఆ రిపోర్టు రాసిన ఆఫీసరు కింద ఒక్క ముక్క చేర్చాడు: జనం సహకరించుట లేదు.

మార్చి 17
రెండోది వందేళ్ళ కిందట. అదే వీధి, అవే గోదాములు. ఈసారి టీకాలొచ్చాయి. పోయినవాళ్ళ సంఖ్య మీద రెండు ఆఫీసులు ఆర్నెల్లు పోట్లాడుకున్నాయి. చచ్చినవాళ్ళ కోసం ఒక్క పేజీ, పోట్లాటకి నలభై పేజీల ఫైలు.

మార్చి 18
తుమ్ములు. సెలవు పెట్టాను.

మార్చి 26, మధ్యాహ్నం 3
రెండుసార్లే అనుకున్నాను. అందరూ అలాగే అనుకుంటున్నారు.

చెదలు పట్టినవి వేరు చేస్తుంటే గోదాముల వీధి మరణాల రిజిస్టర్ దొరికింది. అరవై రెండేళ్ళ కిందటిది. ఆ వీధిలో నెలకి ముగ్గురో నలుగురో పోయేవాళ్ళు. అలాంటిది పందొమ్మిది రోజుల్లో యాభై ఏడు మంది. కారణం అన్న గడిలో పైనుంచి కింద దాకా జ్వరం, జ్వరం, జ్వరం. పక్క కాలమ్‌లో ‘చచ్చిన ఎలుకలు, మూడు గంపలు’ అని రాసి కొట్టేశారు. కొట్టేసిన చోట పొట్టి సంతకం.

ఆ సంతకం నా ప్రోగ్రెస్ కార్డుల మీద పదేళ్ళు చూశాను.

సాయంత్రం 5
ముప్పై రెండో పేరు. స్త్రీ. వయసు పదహారు. ఇంటి నంబరు తాతయ్య వాళ్ళది. మా హాల్లో ఫోటో కింద ఉన్న పేరే. మేనత్త. జ్వరమొచ్చి పోయిందని నాకు ఊహ తెలిసినప్పట్నుంచీ చెబుతూ వచ్చారు.

ఆ ‘జ్వరం’ కూడా నాన్న చేతిరాతే. అక్షరం వణకలేదు.

మార్చి 27
యాభై ఏడు పేర్లూ నోట్‌బుక్‌లోకి ఎక్కించుకున్నాను. ఇంటికెళ్ళి ఆయన ముందు పెట్టాను. కళ్ళజోడు తుడుచుకుని చదివాడు. ప్లేగులో మాత్రం జ్వరం రాదా అన్నాడు. టీవీ కట్టేశాను.

అప్పుడు చెప్పాడు. ఉద్యోగంలో చేరి నాలుగు నెలలట. ఇరవై రెండేళ్ళవాడు. హెల్త్ ఆఫీసరు గదిలోకి పిలిచి తలుపేశాడట. ప్లేగన్న మాట కాగితమ్మీద పడితే రేవు మూతపడుతుంది, ఓడలు వెనక్కి పోతాయి, ఓడల కంటే ముందు నీ ఉద్యోగం పోతుందన్నాడట. మొదటిరోజు ఒక హమాలీ పేరు పక్కన జ్వరం అని రాయడానికి గంట పట్టిందట. తర్వాత అంతసేపు పట్టలేదట.

మందు లేక కాదు. అప్పటికే ఇంజెక్షన్లొచ్చేశాయి. ప్లేగు అని రాస్తే పై ఆఫీసు నుంచి మర్నాటికల్లా దిగేవి. జ్వరం అని రాస్తే జ్వరం బిళ్ళలొచ్చాయి.

తొమ్మిదో రోజు చెల్లెలికి చంకలో గడ్డ కట్టింది. నాన్నకి అర్థమైపోయింది. పరిగెత్తుకెళ్ళి ఆఫీసరు కాళ్ళు పట్టుకున్నాడట, ఒక్క మనిషికి ఇంజెక్షన్లు తెప్పించండని. ఏమని అడగమంటావయ్యా, నీ రిజిస్టర్లోనే ప్లేగు లేదు కదా అన్నాడట ఆయన.

మూడు రోజులకి పోయింది.

కనీసం అప్పుడైనా రాయొచ్చు కదా అన్నాను. దాని పేరు పక్కన ప్లేగని రాస్తే, అంతకు ముందున్న ముప్పై ఒక్కమందినీ నేను చంపినట్టే కదా అన్నాడు. మరి దాని తర్వాత పోయిన పాతికమంది మాటేమిటని అడిగాను. లేచి వెళ్ళి టీవీ మళ్ళీ పెట్టాడు.

నాయనమ్మ పోయేదాకా తనని తానే తిట్టుకునేది. ఉత్త జ్వరమే, తగ్గుతుందిలే అనుకుని ఊరుకున్నాను, ముదనష్టపుదాన్ని, పిల్లని నేనే పొట్టన పెట్టుకున్నాను అనేది. పక్క కుర్చీలో నాన్న ఉండేవాడు. అన్నీ వింటూ.

మార్చి 28
ఆయనకి అన్నం పెట్టి వచ్చేశాను.

ఏప్రిల్ 10
చాప్టర్ ఇచ్చేశాను. మూడో ప్లేగుకి ఏడు పేజీలు. నాన్న పేరు మాత్రం రాయలేదు. ‘అప్పటి శానిటరీ ఇన్‌స్పెక్టర్’ అని ఊరుకున్నాను. నేనూ ఏం తక్కువ తినలేదు.

ఏప్రిల్ 16
ముందుమాట ప్రొఫెసరు కబురు పంపాడు. ఆ ఏడు పేజీలకీ ఎర్ర పెన్ను అడ్డంగా గీసి ఉంది. చాలా మర్యాదగా మాట్లాడాడు. రిజిస్టర్లో జ్వరం అని ఉంది, ప్లేగు అంటున్నది మీరొక్కరే, ఆధారం ఏదమ్మా అన్నాడు. కొట్టేసిన ఎలుకల లైను చూపించాను. ఎలుకలు ఎండకి కూడా చస్తాయన్నాడు. బతికున్న సాక్షి ఎవరైనా ఉంటే తీసుకురండి, ఇవాళే మళ్ళీ చేర్చేస్తానన్నాడు.

సాక్షి మా ఇంట్లో పడక్కుర్చీలో కూర్చుని టీవీ చూస్తున్నాడు.

నేను నోరు విప్పలేదు. పేపర్లు సర్దుకుని వచ్చేశాను. మెట్ల మీద నవ్వొచ్చింది. మా వంశంలో అందరికీ ఇదే రోగం.

మే 6
పుస్తకం వచ్చింది. పేపరు నున్నగా, వేలు పెడితే జారేలా ఉంది. నా చాప్టర్ చివరి వాక్యం: ‘మూడోసారి ఆ మహమ్మారి మన నగరం గడప తొక్కకుండా సిబ్బంది కంటికి రెప్పలా కాపాడారు.’ నేను రాయలేదు. కింద నా పేరుంది.

పక్క పేజీలో అందరికంటే పెద్ద పెన్షనరంటూ నాన్న ఫోటో. ‘నగరాన్ని శుభ్రంగా ఉంచిన చేతులు.’

సెక్షన్‌లో అందరూ కంగ్రాట్స్ చెప్పారు. థాంక్యూ థాంక్యూ అంటూ తిరిగాను.

మే 7
నాన్న భూతద్దం పెట్టుకుని చాప్టరంతా చదివాడు. రెండుసార్లు. సాయంత్రం, అమ్మడూ, నన్ను గోదాముల వీధికి తీసుకెళ్తావా అన్నాడు. అమ్మడూ అని పిలిచి ఎన్నేళ్ళయిందో.

మే 8
ఆటోలో తీసుకెళ్ళాను. గోదాములు లేవు. వరసగా టైర్ల షాపులు. చివర్లో ఒక ముసలామె పాత గోనెసంచులు కుడుతూ అమ్ముతోంది. డెబ్బై దాటి ఉంటాయి. నాన్నని ఎగాదిగా చూసి, ఇన్‌స్పెక్టరు బాబు కదూ అంది. చెవి కింద పుట్టుమచ్చని బట్టి గుర్తుపట్టిందట. స్టూలు తుడిచి కూర్చోబెట్టింది.

ఆ ఏడు మాయదారి జ్వరం వచ్చింది గుర్తుందా బాబూ అంది. ఆమెకి అప్పుడు పదేళ్ళు. అమ్మ, ఇద్దరన్నలు ఒకే వారంలో పోయారు. మా అవ్వ కాలంలో ఇంటి కప్పులు పీకి క్యాంపులకి తోలారటగా, మీరు మాత్రం మా గడప జోలికి ఎవర్నీ రానివ్వలేదు, మా ఇంట్లోనే, మా మంచాల మీదే పోయారు, మీ పేరు చెప్పుకుని దణ్ణం పెట్టుకునేవాళ్ళం బాబూ అంటూ నాన్న రెండు చేతులూ పట్టుకుంది.

ఊరుకుంటాడనుకున్నాను. ఊరుకోవాలనే కోరుకున్నాను, దాచడమెందుకు?

అది జ్వరం కాదమ్మా, ప్లేగు అన్నాడు. మందు ఉండేది, ప్లేగని రాస్తే వచ్చేది, నేను రాయలేదు అన్నాడు.

ఆమెకి వెంటనే అర్థం కాలేదు. నావంక చూసింది. నేను తల దించుకున్నాను. కాసేపటికి చేతులు వదిలేసింది. ఆ మందు వచ్చుంటే మా అమ్మ బతికేదా అని అడిగింది. బతికేది అన్నాడు నాన్న. మరి మా ఇద్దరన్నలో అంది. వాళ్ళూ బతికేవాళ్ళేనమ్మా అన్నాడు.

తిట్టలేదు. శాపనార్థాలు పెట్టలేదు. కుడుతున్న సంచి పక్కన పెట్టి, లేచి లోపలికెళ్ళింది. షట్టరు సగం దాకా దించింది. తర్వాత పూర్తిగా దించేసింది. మేము స్టూలు పక్కన చాలాసేపు ఎండలో నిలబడ్డాం.

మే 9
నాన్న ఏమీ ముట్టలేదు. కాఫీ కూడా.

మే 11
పొద్దున్నే లేచేసరికి కుర్చీలో నిటారుగా కూర్చుని ఉన్నాడు. రాసుకో అన్నాడు. పేరు, వయసు, ఇంటి నంబరు. పేరు, వయసు, ఇంటి నంబరు. ఎక్కడా తడుముకోలేదు. పందొమ్మిది పేర్లు చెప్పి మంచినీళ్ళడిగాడు.

నోట్‌బుక్‌తో పోల్చి చూశాను. ఇందులో ఆరుగురు రిజిస్టర్లో లేరు.