నరేశ్ వాళ్లమ్మ సంతకం

గురువారం, రాత్రి

క్యాంపస్ హెల్త్ సెంటర్‌కు డాక్టర్ కావాలని సాయంత్రం మీటింగ్ పెడితే ఒక్కడూ రాలేదు. అందరూ నా గదిలోనే ఉన్నారు. రూమ్మేట్ నరేశ్ లాప్‌టాప్‌లో, గూఢచారులకు చిక్కిన ప్రేయసి కోసం తెగించి ఆపరేషన్లు చేసే కొరియా సీరియల్ డాక్టర్ని చూసి ఏడుస్తున్నారు. ఒళ్లు మండి లాప్‌టాప్ మూసేశాను.

"మత్తుమందురా ఇది! సిగ్గులేదా?"

"ఆగన్నా," అన్నాడు నరేశ్. "గా డాక్టర్ పేషెంట్ చెయ్యి పట్టుకొని ఎట్లున్నదని అడుగుతడు. తార్నాక దవాఖానల మా అమ్మను ఎవరడిగిండ్రు? నువ్వడిగినవా?"

అడగలేదు. ఆ రోజు అక్కడ డాక్టర్లు చాలడం లేదన్న వినతిపత్రంతో మంచం మంచానికీ తిరిగాను. సెలైన్ ఎక్కుతున్న ఆమెతోనూ సంతకం పెట్టించుకుని, పక్క మంచానికి వెళ్లిపోయాను.

నరేశ్ గోడవైపు తిరిగి పడుకున్నాడు. నిద్రపోలేదు. ఆమె ఇప్పుడెలా ఉందని అడగాలంటే నోరు రావడం లేదు...