తొమ్మిది ఆటలూ ఓడిన జట్టుకు భోజనం

ఏమండీ,

బాగున్నారా? తిథి ప్రకారం మొన్న శనివారానికి మీరు వెళ్లిపోయి సరిగ్గా ఏడాది. ఈ ఏడాదిలో మీకు ఒక్క ముక్క కూడా రాయలేదు. ఏడుస్తూ రాయడం ఇష్టంలేక ఊరుకున్నాను. ఇవాళ కోపంగా ఉన్నాను కాబట్టి రాస్తున్నాను.

ఆ తిథినాడే మీ ఇండియానా కాలేజీలో హోమ్‌కమింగ్, అదే మీ పాత విద్యార్థుల పండగ, పడింది. స్టేడియం గోడకు ఇత్తడి పలకలు బిగించి, ఏ ఏడాది ఫుట్‌బాల్ జట్టులో ఎవరెవరు ఆడారో పేర్లు చెక్కించారే... ఈసారి వాటి సంబరం. మీ ఏడాదిని మాత్రం వదిలేశారని హాస్పిటల్ మంచం మీద నుంచి కూడా నాచేత ఉత్తరాలు రాయించారు, గుర్తుందా? జవాబు మీరు వెళ్లాక వచ్చింది. కనీసం ఒక్క ఆటైనా గెలిచిన జట్లకే గోడ మీద చోటట. అదీ వాళ్ల రూలు. అది చదవకుండానే మీరు పోవడం మంచిదైందా? నాకిప్పటికీ తెలియదు.

నిజం చెప్పనా? పెళ్లయిన కొత్తలో మీ ఫుట్‌బాల్ కథంటే నాకు నవ్వులాట. కోడిగుడ్డులాంటి బంతి కోసం ఒకడి మీద ఒకడు పడి దొర్లడం, దానికి మళ్లీ హెల్మెట్లు! అందులోనూ తొమ్మిది ఆటలాడి తొమ్మిదీ ఓడిన జట్టు... ఎవరైనా బయట చెప్పుకుంటారా? మీరు ఇంటికొచ్చిన ప్రతివాళ్లకీ చెప్పేవారు. కాఫీలు చల్లారిపోయేవి గానీ మీ కథ తెమిలేది కాదు.

కొరియా యుద్ధానికి సగంమంది వెళ్లిపోగా జట్టులో మిగిలింది పద్దెనిమిది మంది. ఈ ఏడాదికి సీజన్ క్యాన్సిల్ చేద్దామని కాలేజీ వాళ్లన్నారు. కుర్రాళ్లు ససేమిరా అన్నారు. మీరేమో కాకినాడ నుంచి ఇంజనీరింగ్ చదవడానికి వచ్చి, రెండుపూటలా భోజనం దొరుకుతుందని వాళ్ల జెర్సీలు ఉతికే పనిలో చేరారు. ఆఖరి ఆటలో దెబ్బలు తగిలి పదకొండుమంది కూడా నిలబడలేకపోతే, కోచ్ మీ నెత్తిన హెల్మెట్ పెట్టి లోపలికి తోశాడు. ఆడింది నాలుగు నిమిషాలు. మెడ కింద ఎముక విరిగింది. అతికాక కూడా అక్కడ బొడిపె ఉండిపోయింది... నా చేతికి ఆ బొడిపె బాగా తెలుసు.

నేనెంత వెక్కిరించినా మీది ఒకటే మాట. "ఓడిపోయామే సుభద్రా, డుమ్మా కొట్టలేదు."

ఆ మాట, రూలు పెట్టి కాలేజీ ఆఫీసు కుర్చీలో కూర్చున్నవాడికి ఎవరు చెప్పాలి?

నేనే చెబుదామనుకున్నాను. మీ కెప్టెన్ వాల్టర్‌కి ఫోన్ చేశాను. మోకాలు పాడై చేతికర్రతో నడుస్తున్నాడట. అయినా వస్తానన్నాడు, దొరికినవాళ్లను దొరికినట్టు పట్టుకొస్తానన్నాడు.

ఇక మనవాళ్ల సంగతి... డెట్రాయిట్ శాస్త్రిగారు ఫోన్లోనే చీవాట్లు పెట్టారు. సంవత్సరీకం నాడు గడప దాటకూడదట. ఇద్దరు భోక్తలను పిలిచి, మీ పేరున వాళ్లకు భోజనం పెట్టి, ఇంటిపట్టున ఉండాలట. కర్మ ఎలాగూ మీ తమ్ముడు కాకినాడలో చేస్తున్నాడు కదండీ అన్నాను. అయితే నువ్వు ఇల్లు కదలాల్సిన పనేముందమ్మా అన్నారు. సరే అన్నాను. ఫోన్ పెట్టేసి మినప్పప్పు నానబోశాను.

తెల్లవారుజామునే మడి కట్టుకుని అన్నీ వండాను. గారెలు, అరటికాయ కూర, నువ్వుల పచ్చడి, పరమాన్నం. ఉల్లిపాయ లేకుండా, రుచి చూడకుండా, పద్ధతి ఎక్కడా తప్పలేదు. మనమ్మాయి లలిత స్టేషన్ వ్యాగన్ నిండా గిన్నెలు సర్ది, మన ఫార్మింగ్టన్ హిల్స్ ఇంటి నుంచి నాలుగు గంటలు డ్రైవ్ చేసింది. కారంతా నెయ్యి వాసన. ఇక్కడ పుట్టిన పిల్ల కదా, ఇది డాడీ తద్దినమా, టెయిల్‌గేట్ పార్టీయా అని దారిలో అడిగింది. రెండూనే అన్నాను.

పార్కింగ్ లాట్‌లో అందరూ కార్ల వెనక తలుపులు ఎత్తి సాసేజ్‌లు కాల్చుకుంటున్నారు. మేం గారెలు తీశాం. వాల్టర్, అతనితో ఇంకో ఐదుగురు. శాస్త్రిగారు ఇద్దరు భోక్తలన్నారు, నాకు ఆరుగురు దొరికారు! ఒక్కడికీ జంధ్యం లేదు. మడత కుర్చీల్లో వరసగా కూర్చోబెట్టి, ఇవాళ మీరు తినే ప్రతి ముద్దా ఆయనకు చేరుతుందని చెప్పాను. వెంటనే టోపీలు తీసేశారు. వాల్టర్ పచ్చడి తిని కళ్లు తుడుచుకున్నాడు... కారానికేనా? చివర్లో తృప్తిగా తిన్నారా అని భోక్తలను అడగాలి కదా, అడిగాను. అందరూ పొట్టలు నిమిరి చూపించారు.

మీకు చేరిందా? పరమాన్నంలో తీపి సరిపోయిందా?

హాఫ్‌టైమ్‌లో ఒక్కో ఏడాది జట్టునూ మైకులో పిలిచారు. పిలిచినవాళ్లు మైదానంలోకి వెళ్లి నిలబడితే జనం చప్పట్లు కొడుతున్నారు. మీ ముందటి ఏడాదిని పిలవడం అయింది. తర్వాతి ఏడాదిని పిలిచేలోగా మేం దిగిపోయాం. ఆరుగురు మగవాళ్లు, లలిత, పట్టుచీర మీద స్వెట్టర్ వేసుకుని నేను. మైకు ఆగిపోయింది. ఆఫీసాయన పరుగెత్తుకొచ్చి, మీరు లిస్టులో లేరు, బయటికి నడవండి అన్నాడు. అయినా కదల్లేదు. నాకొచ్చిన ఇంగ్లిష్‌లోనే గట్టిగా చెప్పాను. వీళ్లు ఆ ఏడాది ఆడకపోయుంటే, యుద్ధం నుంచి తిరిగొచ్చిన కుర్రాళ్లకు ఇక్కడ జట్టే ఉండేది కాదని. అతను నా చీరను చూశాడు గానీ నా మాట వినలేదు.

విన్నది ఎవరో తెలుసా? మీ తర్వాతి ఏడాది జట్టువాళ్లు. వాళ్లలో చాలామంది కొరియా వెళ్లొచ్చినవాళ్లేనట. పిలవకముందే వాళ్లు దిగొచ్చి మా వెనకాల నిలబడ్డారు. జనం లేచి చప్పట్లు కొట్టారు. ఎవరికి కొట్టారో నాకు తెలియదు, నేను మాత్రం మనకే తీసుకున్నాను.

ఆట అయ్యాక గోడ దగ్గరికి వెళ్లాం. రెండు పలకల మధ్య మూరెడు ఖాళీ. లలిత బ్యాగులోంచి నల్ల మార్కర్ ఇచ్చింది. వాల్టర్ చెబుతుంటే పద్దెనిమిది పేర్లూ రాశాను. పంతొమ్మిదోది నాకెవరూ చెప్పక్కర్లేదు. అది తెలుగులో రాశాను, మీ ఇంటిపేరుతో సహా.

నిన్న కాలేజీ నుంచి ఉత్తరం వచ్చింది. గోడకు తెల్లరంగు వేయించారట. ఇంకోసారి రాస్తే పోలీసులకు చెబుతారట.

చెప్పుకోమనండి. మార్కర్లు డజను కొన్నాను. వచ్చే శనివారం వాల్టర్ గోడ దగ్గరే ఉంటానన్నాడు. వాళ్ల దగ్గర ఎన్ని డబ్బాల రంగు ఉందో నేనూ చూస్తాను.

ఉంటానండీ,
మీ సుభద్ర